తాత పోయాక తొంభై దినాలు: గడ్‌చాందూర్ దుకాణం అప్పీలు

నానమ్మ రేకు పెట్టెలో అడుగున ఒక ఫైలు ఉంటుంది. దానికి కట్టింది దారం కాదు, ఖాకీ గుడ్డ అంచు. సిమెంటు ఫ్యాక్టరీ యూనిఫాంలు కుట్టగా మిగిలిన పీలిక అది. లోపల గడ్‌చాందూర్ దుకాణం కాగితాలు ఉన్నాయి. కిరాయి రసీదులు, రాజురా కోర్టు డిక్రీ నకలు, చంద్రపూర్ జిల్లా కోర్టులో వేసిన అప్పీలు, ఇంకా మేము చేతితో రాసిన ఒక కన్నడ-మరాఠీ తర్జుమా. పోయిన పండక్కి అందరం కలిసినప్పుడు పిల్లలు ఇదేంటని అడిగారు. తలా ఒక ముక్క చెప్పాం. ముక్కలు సరిగ్గా అతకలేదు. అందుకే ఇక్కడ వరుసగా రాసి పెడుతున్నాం. మా తెలుగు నానమ్మ దగ్గర నేర్చుకున్న తెలుగు, బడిలో చదివింది కన్నడ మీడియం. ఒత్తులు తప్పితే మన్నించండి.

ముందు ఊరి సంగతి చెప్పాలి. గడ్‌చాందూర్ ఇప్పుడు మహారాష్ట్రలో చంద్రపూర్ జిల్లా, కోర్పనా తాలూకా. కోర్పనా పుట్టక ముందు అది రాజురా తాలూకా. ఆ రాజురా మన పెద్దవాళ్ల లెక్కలో అసలు మహారాష్ట్రే కాదు. 1872లో నిజాం సర్కారు సిర్పూర్-తాండూర్ అని ఒక ఉపజిల్లా చేసినప్పుడు ఎదులాబాద్, సిర్పూర్‌లతో పాటు రాజురా కూడా అందులోనే ఉంది. 1905లో అది ఆదిలాబాద్ జిల్లా అయింది. 1956 నవంబరులో రాష్ట్రాలను భాషల ప్రకారం విడగొట్టినప్పుడు రాజురాను ఆదిలాబాద్ నుంచి తీసి బొంబాయి రాష్ట్రంలో నాందేడ్‌కు కలిపారు. అది దూరమైపోయిందని 1959లో చాందా జిల్లాకు మార్చారు. అంటే అక్కడి ముసలాయన ఎవరైనా ఇంట్లోంచి కాలు కదపకుండానే హైదరాబాద్ రాజ్యం, బొంబాయి రాష్ట్రం, మహారాష్ట్ర మూడూ చూసేశాడు. తెలుగు, మరాఠీ, గోండి, కొలామి నాలుగూ ఆ వైపు బజారులో ఇప్పటికీ వినిపిస్తాయి.

మన తాత ఆసిఫాబాద్ వైపు నుంచి అక్కడికి పోయింది 1980ల మొదట్లో. మాణిక్‌గఢ్ సిమెంటు ఫ్యాక్టరీ కట్టుబడి నడుస్తున్న రోజులవి. పక్కన ఆవార్‌పూర్‌లో ఇంకో ఫ్యాక్టరీ. సున్నపురాయి నేల అది. తాతకు తెలిసిన పని కుట్టు. మెయిన్ రోడ్డు మీద ఒక గది కిరాయికి తీసుకొని రెండు మిషన్లు వేశాడు. మా నాయిన సిమెంటు పనిలో చేరి, తర్వాత కర్ణాటకలో సేడం వైపు ఫ్యాక్టరీకి మారిపోయాడు. అందుకే మాకు కన్నడ బడి. సేడం కూడా ఒకప్పుడు హైదరాబాద్ రాజ్యమే. ఒకే పాత రాజ్యంలో ఒక మూల నుంచి ఇంకో మూలకు పోయి మేము పరాయి రాష్ట్రం వాళ్లమయ్యాం. చిన్నాయన మాత్రం తాత పక్కనే ఉండి దుకాణం చూసుకునేవాడు.

కిరాయి చట్టాలకూ ఇదే గతి పట్టింది. హైదరాబాద్ రాజ్యం 1954లో ఇళ్ల కిరాయి, ఖాళీ చేయించడం గురించి ఒక చట్టం చేసింది. రెండేళ్లకే రాజ్యం మూడు ముక్కలైంది. రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణ చట్టం 119వ సెక్షన్ ఏమందంటే, గీత మారినా చట్టం మారదు, కొత్త శాసనసభ మార్చేదాకా పాత నేల మీద పాత చట్టమే. తెలంగాణలో ఆ 1954 చట్టాన్ని ఆంధ్రప్రదేశ్ 1960లోనే తీసేసి తన అద్దె నియంత్రణ చట్టం తెచ్చుకుంది. మైసూరు రాష్ట్రం 1961లో తనది చేసుకుంది. మహారాష్ట్ర చట్టం పుస్తకాల్లో మాత్రం హైదరాబాద్ చట్టం, బొంబాయి 1947 చట్టం, విదర్భ వైపు నడిచే సీపీ-బేరార్ 1949 ఉత్తర్వు మూడూ విడివిడిగా బతికాయి. 2000 మార్చి 31న మహారాష్ట్ర అద్దె నియంత్రణ చట్టం, 1999 అమలులోకి వచ్చినప్పుడే మూడింటినీ ఒక్క దెబ్బకు రద్దు చేశారు. నిజాం రాజ్యం పోయి యాభై ఏళ్లు దాటినా దాని పేరు కిరాయి కాగితాల్లో ఉండిందన్నమాట. కొత్త చట్టం కూడా రాష్ట్రంలో ప్రతి ఊరికీ కాదు, షెడ్యూళ్లలో చెప్పిన చోట్లకే. అది వర్తించని చోట 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం ప్రకారం నోటీసు ఇచ్చి మామూలు సివిల్ దావా వేస్తారు. అందుకే ఊరు మారితే వకీలు మొదట అడిగేది, మీ దుకాణం ఏ చట్టం కిందికి వస్తుందని.

మాటల సంగతి కూడా ఒకటి చెప్పి ముందుకు పోతాం. మేం ఇంట్లో అనేది కిరాయి. కన్నడలో బాడిగె. రాయలసీమ చుట్టాలు బాడుగ అంటారు. మరాఠీలో భాడే. తాత చచ్చిపోయిన తర్వాత అప్పీలులో ఎక్కేవాళ్లు మరాఠీలో వారస్, కన్నడలో వారసుదార, మనకు వారసులు. ఈ ఒక్క మాట మూడు చోట్లా అర్థమైంది, అదే మేలు.

దుకాణం యజమాని 2006లో దావా వేశాడు. నోటీసు ఇచ్చి కిరాయి ముగించాను, నా కొడుకు మందుల దుకాణం పెట్టుకుంటాడు, గది కావాలి అన్నది ఆయన మాట. ఆయన చెడ్డవాడని మేం ఎప్పుడూ అనుకోలేదు. పెళ్లిళ్లకు పిలిచేవాడు, దసరాకు జమ్మి ఆకు తెచ్చి తాత చేతిలో పెట్టేవాడు. 2009లో ఖాళీ చేయాలని డిక్రీ వచ్చింది. తాత చంద్రపూర్‌కు అప్పీలుకు పోయాడు. అప్పీలు తేలేదాకా ఖాళీ చేయించకుండా స్టే దొరికింది. ఆ స్టే మీదే దుకాణం నడిచింది, అది గుర్తుంచుకోండి.

2011 వానాకాలంలో తాతకు ఒంట్లో బాగాలేక నాయిన సేడం తీసుకొచ్చాడు. ఆగస్టు 9న అక్కడే పోయాడు. దినాలు అయ్యాక చిన్నాయన గడ్‌చాందూర్ వెళ్లి దుకాణం తెరిచాడు. సెప్టెంబరులో అప్పీలు తారీఖుకు పోయినప్పుడు వకీలు గారి గుమాస్తాకు చెప్పాడు, మా నాయిన పోయిండు అని. గుమాస్తా అయ్యో అన్నాడు, చాయ్ తాగించాడు, తరువాతి తారీఖు రాసిచ్చాడు. చిన్నాయన పని అయిపోయిందనుకున్నాడు. నోటి మాట కోర్టు రికార్డులోకి ఎక్కదన్న సంగతి ఆయనకెవరు చెప్పాలి?

డిసెంబరు తారీఖున అవతలి వకీలు లేచి ఒక కాగితం ఇచ్చాడు. అప్పీలుదారుడు ఆగస్టులోనే చనిపోయాడు, తొంభై దినాల్లో వారసులెవరూ రాలేదు, కాబట్టి అప్పీలు అంతరించింది, స్టే కూడా పోయింది, ఇక డిక్రీ అమలు చేయించుకుంటాం. చిన్నాయన ఆ రాత్రి నాయినకు ఫోను చేసి ఏడ్చాడు. "అన్నా, తాళం ఏసుకుంటరంట. మిషన్లు ఏడ వెట్టాలె?"

ఇక్కడ ఆగి ఈ తొంభై దినాలు ఎక్కడి నుంచి వచ్చాయో చెబుతాం. మాకు అప్పట్లో తెలియదు, తర్వాత చదువుకున్నాం.

పాత ఇంగ్లండులో ఒక మనిషి చేసిన కీడు గురించిన దావా ఆ మనిషితోనే పోయేదని ఒక సూత్రం. ఛాన్సరీ కోర్టుల్లో అయితే పార్టీ చనిపోగానే వ్యాజ్యం ఆగిపోయేది. మళ్లీ నడిపించాలంటే పునరుద్ధరణ కోసం ఇంకో బిల్లు వేసి, దానికి మళ్లీ ఖర్చు పెట్టుకోవాలి. మన దేశంలో 1859లో మొదటి సివిల్ ప్రొసీజర్ కోడ్ వచ్చింది, 1877లో, 1882లో తిరగరాశారు, చివరికి 1908 కోడ్ నిలిచింది. హైదరాబాద్ రాజ్యంలో కోర్టు భాష ఉర్దూ, దాని సొంత పద్ధతి దానికి ఉండేది. 1951 ఏప్రిల్ 1 నుంచి 1908 కోడ్ అక్కడికీ వచ్చింది. అందులో 22వ ఆర్డర్ మొత్తం పార్టీలు చనిపోవడం, పెళ్లి, దివాలా లాంటివాటి గురించే. మొదటి రూలు బాగానే మొదలవుతుంది: దావా హక్కు మిగిలి ఉంటే పార్టీ చనిపోయినంత మాత్రాన దావా పోదు. మూడో రూలు వాది చనిపోతే, నాలుగో రూలు ప్రతివాది చనిపోతే ఏం చేయాలో చెబుతాయి. పదకొండో రూలు ఇవన్నీ అప్పీలుకు కూడా వర్తిస్తాయంటుంది: వాది అన్న చోట అప్పీలుదారు అని, ప్రతివాది అన్న చోట రెస్పాండెంట్ అని చదువుకోవాలి. అందుకే తాత కింది కోర్టులో ప్రతివాది అయినా, పై కోర్టులో ఆయన లెక్క వాది లెక్కే. ఇది మా ఇంట్లో చాలా మందికి ఇప్పటికీ ఎక్కలేదు.

గడువు మాత్రం ఇంకో పుస్తకంలో ఉంది. 1963 లిమిటేషన్ చట్టం, 120వ ఆర్టికల్: చనిపోయిన రోజు నుంచి 90 దినాల్లో వారసులు దరఖాస్తు పెట్టాలి. పెట్టకపోతే ఎవరూ ఏ ఆర్డరూ రాయకుండానే వ్యాజ్యం దానంతట అది పడిపోతుంది. మేము ఉద్యోగానికి సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేస్తాం కాబట్టి అంటున్నాం, ఇది సెషన్ టైమవుట్ లాంటిదే, స్క్రీన్ మీద ఏ హెచ్చరికా రాదు, నొక్కినప్పుడే తెలుస్తుంది బయట ఉన్నామని. కానీ వెనక్కి రావడానికి దారి కూడా ఇచ్చారు. 9వ రూలు కింద, 121వ ఆర్టికల్ చెప్పిన 60 దినాల లోపు, అంతరించిన దాన్ని రద్దు చేయమని అడగవచ్చు, తగిన కారణం చూపించాలి. ఆ 60 కూడా దాటిపోతే ఆలస్యం మన్నించమని 5వ సెక్షన్ కింద ఇంకో దరఖాస్తు కావాలి. ఒక మినహాయింపు కూడా ఉంది. వాదనలు ముగిశాక తీర్పుకు ముందు ఎవరైనా చనిపోతే 6వ రూలు ప్రకారం ఏమీ కాదు, తీర్పు చెప్పేయవచ్చు.

హిందీ చట్టం పుస్తకంలో ఈ పడిపోవడాన్ని ఉపశమన్ అంటారు. మనకు ఉపశమనం అంటే నొప్పి తగ్గడం. నాయిన ఆ మాట చూసి, "మనకు ఉపశమనం అయిందంట, మంచిదే కదా" అని ఒక క్షణం సంతోషపడ్డాడు. ఇప్పుడు చెప్పుకొని నవ్వుతాం.

లెక్క వేశాం. ఆగస్టు 9 నుంచి 90 దినాలంటే నవంబరు 7. అక్కడి నుంచి 60 దినాలంటే 2012 జనవరి 6. మాకు తెలిసేసరికి డిసెంబరు రెండో వారం. మిగిలింది మూడు నాలుగు వారాలే.

1976లో కోడ్‌ను సవరించినప్పుడు 10ఎ అని ఒక కొత్త రూలు చేర్చారు. తన పార్టీ చనిపోయినట్టు వకీలుకు తెలిస్తే ఆ సంగతి కోర్టుకు చెప్పాలి, కోర్టు అవతలి పక్షానికి తెలియజేయాలి. దీనికోసం వకీలుకూ చనిపోయిన మనిషికీ మధ్య ఒప్పందం ఇంకా బతికే ఉన్నట్టు లెక్క. ఈ ఒక్క వాక్యం మాకు చాలా నచ్చింది. చనిపోయిన మనిషి తరఫున ఒక్క పనికి మాత్రం వకీలు వకీలుగానే ఉంటాడు, నా మనిషి లేడు అని చెప్పే పనికి. మా వకీలు గారు ఆ పని చేయలేదు, గుమాస్తా తనకు చెప్పలేదన్నాడు. గుమాస్తా చెప్పానన్నాడు. మేం తగాదా పెట్టుకోలేదు, వేళ లేదు. చిన్నాయన తప్పు కూడా ఉంది. ఆయన ఒక్క కాగితం రాసి ఇచ్చి ఉంటే ఇదేం జరిగేది కాదు. ఆ మాట నాయిన అన్నాడు, చిన్నాయన రెండు నెలలు నాయినతో సరిగ్గా మాట్లాడలేదు.

ఇక వారసులు ఎవరు? నానమ్మ, నాయిన, చిన్నాయన, ఇద్దరు మేనత్తలు. హిందూ వారసత్వ చట్టం ప్రకారం అందరూ మొదటి తరగతి వారసులే. కిరాయి హక్కు ఐదు ముక్కలు కాదు. 1989లో హెచ్.సి. పాండే కేసులో సుప్రీంకోర్టు చెప్పిన ప్రకారం కిరాయిదారు చనిపోతే వారసులందరూ కలిసి ఒకే కిరాయిదారు. మహారాష్ట్ర 1999 చట్టం వర్తించే చోట ఇంకో మెలిక ఉంది. వ్యాపార గది అయితే తాతతో పాటు అందులో పని చేస్తున్న ఇంటి మనిషికి ముందు హక్కు, అలాంటివాళ్లు లేకపోతేనే మిగతా వారసులు. అంటే దుకాణం మీద చిన్నాయన, అప్పీలు కాగితం మీద అందరూ. వకీలు గారు మాత్రం ఎవరినీ వదలొద్దన్నాడు. కొందరు వారసులు తెలియక మిగిలిపోయినా, వచ్చినవాళ్లు నిజాయితీగా ఆస్తి తరఫున నిలబడితే చాలు అని 1960ల్లోనే దయారామ్ కేసులో సుప్రీంకోర్టు అన్నదట. కానీ తెలిసి తెలిసి వదిలేస్తే ఆ మేలు దొరకదు.

పెద్దత్త మంచిర్యాలలో ఉంటుంది. ఆమె సంతకం పెట్టనంది.

దుకాణం మీద ఇన్నేళ్లు తమ్ముడే తిన్నాడు, నా పెళ్లికి తాత అప్పు చేసినప్పుడు కూడా ఆ దుకాణమే తీర్చిందని నాకు లెక్క చెప్పిన్రు, ఇప్పుడు కోర్టు ఖర్చులకు మాత్రం నేను వారసురాలినా? ఆమె అన్నది ఇది. తప్పు మాట కాదు. అత్త ఒప్పుకోకపోతే ఆమెను అవతలి పక్షం వరుసలో పేరుకు చేర్చి నడిపించవచ్చని వకీలు అన్నాడు. సొంత బిడ్డను ఎదురు పార్టీ చేయడమా అని నానమ్మ అన్నం మానేసింది. చివరికి నాయినే మంచిర్యాల పోయి, ఖర్చు నీ మీద పడదని కాగితం రాసిచ్చి, పన్నెండో రోజు సంతకం తెచ్చాడు. ఆ కాగితం కూడా ఫైలులో ఉంది. చిన్నత్త నిజామాబాద్ నుంచి తెల్లారే బస్సెక్కి వచ్చి సంతకం పెట్టి సాయంత్రం వెళ్లిపోయింది. ఆమె గురించి రాయడానికి ఇంకేం లేదు, అందుకే ఆమెకు మేం ఇంకా రుణపడి ఉన్నాం.

తర్వాత చావు సర్టిఫికెట్. తాత పోయింది కర్ణాటకలో కాబట్టి అచ్చు ఫారం రెండు భాషల్లో ఉన్నా లోపల చేతిరాతంతా కన్నడం. చంద్రపూర్‌లో దాన్ని చదివేవాళ్లు లేరు. మరాఠీ చేయించాలి. మా ఇంట్లో కన్నడ బడికి పోయింది మేమే. మరాఠీ మాకు రాయడం రాదు, చిన్నాయనకు వచ్చు. మేం కన్నడం చదివి తెలుగులో చెబితే ఆయన మరాఠీలో రాశాడు. పదేళ్ల బడి చదువు కోర్టులో పనికొచ్చింది ఆ ఒక్క రాత్రే. అప్పుడు బయటపడింది అసలు చిక్కు. గడ్‌చాందూర్ రసీదుల్లో తాత పేరు మరాఠీ పద్ధతిలో ఉంది: సొంత పేరు, తండ్రి పేరు, చివర ఇంటిపేరు. సేడం సర్టిఫికెట్‌లో ఇంటిపేరు ఒక్క అక్షరమై ముందుకు వచ్చింది. ఆసిఫాబాద్ నుంచి తెచ్చిన పాత కాగితంలో ఇంటిపేరు పూర్తిగా ముందే ఉంది, తండ్రి పేరు లేనే లేదు. ఒకే మనిషి మూడు చోట్ల ముగ్గురు. ఈ ముగ్గురూ ఒక్కరే అని నానమ్మ ప్రమాణ పత్రం మీద వేలిముద్ర వేయాల్సి వచ్చింది. యాభై ఏళ్లు కాపురం చేసినాక ఆయన ఆయనే అని నేను చెప్పాల్నా అని నవ్వింది, ఆ తర్వాత చాలా సేపు ఎవరితోనూ మాట్లాడలేదు.

డిసెంబరు 28న రెండు దరఖాస్తులు వేశాం. అంతరించిన దాన్ని రద్దు చేయమని ఒకటి, వారసులను ఎక్కించమని ఒకటి. ఎందుకైనా మంచిదని ఆలస్యం మన్నించమని ఇంకో ముక్క కూడా వకీలు జత చేశాడు. చనిపోయి 141వ దినం, 60 దినాల్లో 51వది.

అవతలి వాదన ఒక్క గడువు గురించే అయితే భయం లేదు. వాళ్లు ఇంకోటి కూడా అన్నారు. నోటీసుతో కిరాయి ముగిసింది, ఆ తర్వాత తాతకు ఉన్నది ఆయన ఒంటికి అంటిన రక్షణే, ఆయనతోనే పోయింది, వారసులకు నడపడానికి ఏమీ మిగల్లేదు. ఇది పాత వాదనే. దీని మీద 1976లో సుప్రీంకోర్టులో దామాదీలాల్ వర్సెస్ పరశురామ్ అన్న మధ్యప్రదేశ్ కేసు తేలింది. మా కేసుకు అంత దగ్గరగా ఉన్నది ఇంకోటి లేదు. అక్కడ ఇద్దరు కిరాయిదారులు హైకోర్టులో రెండో అప్పీలు నడుస్తుండగానే చనిపోయారు. వారసులు వచ్చారు. వీళ్లకు అప్పీలు నడిపే హక్కు లేదని యజమాని అన్నాడు. చట్టబద్ధ కిరాయిదారు అన్న మాట ఇంగ్లండు అద్దె చట్టాల నుంచి అరువు తెచ్చింది, అక్కడి అర్థాన్ని ఇక్కడి చట్టం మీద గుడ్డిగా వేయకూడదు, కిరాయిదారు అన్నవాడికి ఉన్న హక్కు వారసులకు దిగుతుంది అని కోర్టు తేల్చింది. 1985లో జ్ఞాన్‌దేవి ఆనంద్ కేసులో ఐదుగురు జడ్జీలు ఢిల్లీ చట్టం మీద దుకాణాల విషయంలో అదే దారి పట్టారు. వ్యాపారం అన్నది ఇంటిల్లిపాది బతుకు కాబట్టి. ఈ రెండూ అద్దె చట్టాల కింద తేలినవే, ఆస్తి బదిలీ చట్టం కింది దావాకు ముక్కకు ముక్క అతకవు. అయినా మా వకీలు గారు వాటినే పట్టుకున్నాడు. మా వరకు చాలింది కూడా ఇంకా చిన్న సంగతే. తాత పోయినా డిక్రీ పోలేదు కదా, ఆ డిక్రీ ఇప్పుడు ఎవరి మీద అమలవుతుంది, గదిలో కూర్చున్న వారసుల మీదే కదా. మా నెత్తిన పడే డిక్రీ తప్పని చెప్పే హక్కు మాకు లేకపోతే ఇంకెవరికి ఉంటుంది?

2012 మార్చిలో దరఖాస్తులు ఒప్పుకున్నారు. అవతలి వాళ్లకు కొంత ఖర్చు కట్టమన్నారు, కట్టాం. స్టే తిరిగి వచ్చింది. ఆ మూడు నెలలు చిన్నాయన రోజూ మిషన్ల మీద గుడ్డ కప్పి, రేపు తాళం ఉంటుందో లేదో అనుకుంటూ ఇంటికొచ్చేవాడు.

కథ అక్కడ అయిపోలేదు. 2013 ఎండల్లో యజమాని కూడా చనిపోయాడు. చిన్నాయన పాడె మోశాడు. మూడో రోజున మా నాయిన చేసిన మొదటి పని వకీలుకు రాతపూర్వకంగా తెలియజేయడం. చావు ఇంట్లో ఇదేం పని అని కొందరు అనుకొని ఉంటారు, కానీ ఈసారి గడువు మన మీద ఉంది. రెస్పాండెంట్ చనిపోతే వారసులను ఎక్కించాల్సింది అప్పీలు వేసినవాళ్లే. ఆయన ఇద్దరు కొడుకుల్లో ఒక్కరిని మరిచిపోయినా ప్రమాదమే. 1962లో పంజాబ్ ప్రభుత్వం వర్సెస్ నాథూరామ్ అని ఒక కేసు ఉంది. సైన్యం కోసం తీసుకున్న భూమి పరిహారం మీద ప్రభుత్వం అప్పీలు వేసింది. అన్నదమ్ముల్లో లాభూరామ్ మధ్యలో చనిపోయాడు. ఆయన వారసులను ఎక్కించలేదు. ఇద్దరిదీ కలిసిన హక్కు కాబట్టి ఒక్కరి మీద ఒక తీర్పు, ఇంకొకరి మీద ఇంకో తీర్పు ఉండకూడదని అప్పీలు మొత్తం పడిపోయింది. ప్రభుత్వానికే అట్లా అయితే కుట్టు మిషనోళ్లకు ఎట్లా ఉంటుంది? నలభయ్యో దినం లోపే దరఖాస్తు వేశాం.

మా చుట్టాల్లో ఒకాయన అప్పుడు ధైర్యం చెప్పాడు, గది కావాలన్న మనిషే పోయాడు, ఇక ఆయన అవసరం ఎక్కడిది, కేసు మీరు గెలిచినట్టే అని. ఇది చాలా మంది అనుకునేదే కాబట్టి రాస్తున్నాం. అద్దె చట్టం కేసుల్లో 1973లో ఫూల్‌రాణి కేసులో సుప్రీంకోర్టు దాదాపు అట్లాగే అన్నది. యజమాని సొంత అవసరం ఆయనతోనే పోతుందని. మూడేళ్లకే శాంతిలాల్ ఠాకుర్‌దాస్ కేసులో ఇంకా పెద్ద బెంచ్ దాన్ని సరిదిద్దింది: అవసరం ఇంటి వాళ్లది కూడా అయితే యజమాని చావుతో పోదు. 2004లో శకుంతలాబాయి కేసులో, డిక్రీ వచ్చాక కిరాయిదారు అప్పీలు నడుస్తుండగా యజమాని చనిపోతే వారసులు ఆ డిక్రీని కాపాడుకోవచ్చని చెప్పారు. కోర్టు ఆలస్యం చేస్తే ఆ ఆలస్యం కిరాయిదారుకు లాభం కాకూడదు కదా. మళ్లీ 2010లో కేరళ నుంచి వచ్చిన శేషాంబాళ్ కేసులో, భార్యాభర్తలు తాము ఇద్దరమే ఉండటానికి అడిగి ఇద్దరూ చనిపోయారు కాబట్టి అవసరం మిగల్లేదన్నారు. మధ్యలో జరిగిన సంగతులు కోర్టు చూడాలా వద్దా అన్న దానికి అందరూ చెప్పే పేరు మాత్రం ఒక తెలుగు కేసుదే: పసుపులేటి వెంకటేశ్వర్లు వర్సెస్ మోటార్ అండ్ జనరల్ ట్రేడర్స్, 1975, ఆంధ్రప్రదేశ్ 1960 చట్టం కింద. వ్యాపారానికి గది కావాలన్న యజమానికి కేసు నడుస్తుండగా ఇంకో గది చేతికొచ్చింది. దాన్ని హైకోర్టు లెక్కలోకి తీసుకోవడం సరేనని జస్టిస్ కృష్ణయ్యర్ రాశాడు.

మా సంగతికి వస్తే, గది కావాల్సింది ఆయన కొడుక్కు. కొడుకు నిక్షేపంగా ఉన్నాడు, ఫార్మసీ చదువు కూడా అయిపోయింది. ఆ చుట్టపాయన మాటను మేం నమ్ముకోకపోవడమే మంచిదైంది.

నిజానికి ఇద్దరు ముసలివాళ్లూ పోయాక కేసులో పంతం కూడా పోయింది. చిన్నాయనా, ఆ పెద్దకొడుకూ ఒకే బడిలో చదివారు. 2014లో ఒక తారీఖు రోజు కోర్టు బయట చెట్టు కింద ఇద్దరూ కూర్చొని మాట్లాడుకున్నారు. 2015 దీపావళి దాకా చిన్నాయన ఉండాలి, అప్పటిదాకా పాత కిరాయే, బస్టాండు వైపు ఇంకో గది చూసుకోవడానికి వాళ్లు కొంత సొమ్ము ఇవ్వాలి. 23వ ఆర్డర్ 3వ రూలు కింద రాజీ కాగితం కోర్టులో పెట్టారు. దాని మీద మళ్లీ అందరి సంతకాలు కావాలి. ఈసారి పెద్దత్త పిలవకముందే వచ్చింది.

బస్టాండు వైపు దుకాణం ఇప్పుడు మా చిన్నాయన కొడుకు చూస్తున్నాడు. ఒక మిషన్ తాతదే. పాత గదిలో మందుల దుకాణం ఉంది, నానమ్మ బీపీ గోళీలు అక్కడి నుంచే వస్తాయి.

రాజీ డిక్రీ నకలు తెచ్చిన రోజు నానమ్మ దాన్ని చేతిలో పట్టుకొని, ఇందులో ఏం రాసిందో చదవమంది. మొదటి పేజీలో అప్పీలుదారు నంబరు 1, తాత పేరు, పక్కన మృతుడు, వారసుల ద్వారా అని ఉంది. దాని కింద 1ఎ, 1బి, 1సి, 1డి, 1ఈ. అవతలి వైపు కూడా అట్లాగే, మృతుడు, కింద 1ఎ, 1బి. దుకాణం కాగితాల్లో ముప్పై ఏళ్లలో ఎక్కడా నానమ్మ పేరు లేదు, ఒక్క రసీదులో కూడా. ఇందులో 1ఎ ఆమె. ఏది నాది అని అడిగితే చూపించాం. వేలు పెట్టి ఆ అక్షరాల మీద రెండుసార్లు రుద్దింది, "ఇగ కట్టెయ్ బిడ్డా" అంది. ఖాకీ పీలిక కట్టింది అప్పుడే.